రంగస్థలమునందలి చీరయు వీధిలోని చీరయు

పలనాటి సీమకు ఉత్తరమున కృష్ణవేణి హద్దు. 1948వ సంవత్సరము వరకు ఇవ్వలి గట్టున గురజాల, మాచర్లలు మద్రాసు రాజధానిలోని గుంటూరు మండలమునకు చేరియుండగా, అవ్వలి గట్టుననున్న నల్లగొండ సీమ నిజాము ప్రభువుల యేలుబడిలో నుండెను. రెండు గట్టులవారి భాష యొక్కటే. దేవతలును తిరునాళ్లును చాలవరకు నొక్కటే. కాని ఒక్క విషయమున మాత్రము నదికి రెండు దరులయందు రెండు న్యాయములు చెల్లుచుండెను. చీర కట్టుకొని నలుగురి నడుమ ఆడి పాడి పొట్టపోసికొను హిజ్రాను గూర్చినది ఆ విషయము. కోడిపందెమునుండి పుట్టిన యుద్ధమును గూర్చి యింత వ్రాసికొన్న సీమలో, ఏటి కావలి గట్టుననున్న ఈ శాసనమును గూర్చి పలికినవారు అరుదు.

నిజాము రాజ్యమున 1329వ ఫసలీలో, అనగా 1919వ సంవత్సరమున, నపుంసకుల చట్టమను పేర ఆ శాసనము వెలువడెను. బాలుర నెత్తుకొనిపోవుదురనియో, వారికి అంగచ్ఛేదము చేయుదురనియో, ప్రకృతివిరుద్ధములని నాటి న్యాయశాస్త్రము పేరిడిన కార్యములు చేయుదురనియో అనుమానము గలిగినవారి పేరులు సర్కారు పట్టికలో వ్రాయబడవలెనని అందలి విధి. అనుమానము చాలును, రుజువక్కరలేదు. పట్టికకెక్కిన వ్యక్తి స్త్రీవస్త్రములతోగాని నగలతోగాని వీధిలో కనబడినను, వీధిలోనివారికి కనబడవలెనను తలంపుతో వేఱొకచోట నిలిచినను, బహిరంగ స్థలమున నాట్యమాడినను, వాద్యము వాయించినను, ఏ వినోదమునందైనను పాల్గొనినను వారంటు లేకయే పట్టుకొనవచ్చును. శిక్ష రెండేండ్లవరకు చెర, లేక జరిమానా, లేక రెండును. పదునాఱేండ్లలోపు బాలుని తన యింట నుంచుకొనుటయు నేరమే.

ఇది నిజాము మంత్రుల సొంత కల్పన కాదు. 1871వ సంవత్సరమున ఇంగ్లీషు ప్రభుత్వము వాయవ్య పరగణాలకును, అయోధ్యకును, పంజాబునకును చేసిన నేరజాతుల చట్టములో రెండవ భాగమంతయు నిట్టిదే. అందు పట్టికకెక్కినవారు దానము చేయరాదు, వీలునామా వ్రాయరాదు, దత్తత చేసికొనరాదు, మైనరునకు సంరక్షకులుగా నుండరాదు. హిజ్రాల కుటుంబము రక్తసంబంధముపై గాక గురుశిష్య సంబంధముపై నిలుచునది. గురువు మరణించినప్పుడు ఇల్లును సామానును శిష్యులకు సంక్రమించుట వారి యాచారము. వీలునామా కూడదనుట యనగా ఆ కుటుంబమును కుటుంబముగా నెంచమని చెప్పుటయే. మద్రాసు రాజధాని ఆ 1871 నాటి చట్టపు పరిధిలో లేకుండెను గావున, పలనాటి హిజ్రాకు ఆ భయము లేకపోయినది. తక్కిన భయములు లేకపోలేదు.

బాలుర నపహరించుటయు, అంగచ్ఛేదము చేయుటయు ఘోరములనుటలో వివాదము లేదు. కాని 1860 నాటి శిక్షాస్మృతియందే వానికి కఠిన దండనములు గలవు. వానికొఱకు వేఱొక చట్టము అక్కరలేదు. అట్లు తీసివేసి చూచినచో ఈ శాసనములలో క్రొత్తగా నేరమైనవి చీర, నగ, ఆట, పాట మాత్రమే. ఒకరి జీవనోపాధియే ఒకరి నేరముగా వ్రాయబడినది. ఇంతకంటె చిత్రము మఱియొకటి గలదు. 1956లో ఆంధ్రప్రదేశ్ రాష్ట్ర మేర్పడి రెండు గట్టులును ఒక్క ప్రభుత్వము క్రిందికి వచ్చినవి. నాగార్జునసాగరపు ఆనకట్టయు లేచినది. నిజాము నాటి చట్టము మాత్రము తెలంగాణ ప్రాంతమునకు చెల్లునదిగా పేరు మార్చుకొని నిలిచియే యున్నది. ఒక్క శాసనసభ, ఒక్క ముఖ్యమంత్రి; అయినను మాచర్లలో నేరము కాని నాట్యము, ఆనకట్ట దాటిన తోడనే, పట్టికకెక్కినవారికి నేరము కాగలిగెడిది. 2014లో రాష్ట్రము విడిపోవువరకు ఈ విడ్డూరము సాగినది. పుస్తకములలో నిద్రించుచుండినదే కదా యని కొందఱనవచ్చును. నిద్రించు పాము కాటువేయదని తెలిసి దాని ప్రక్కన పండుకొనువారెవ్వరు?

ఆ కాలముననే ఇవ్వలి గట్టున నేమి జరుగుచుండెనో చూతము. 1902లో బాపట్లలో జన్మించిన స్థానం నరసింహారావుగారు స్త్రీపాత్రలతో ఆంధ్రదేశము నుఱ్ఱూత లూగించుచుండిరి. సత్యభామగా, చింతామణిగా, రోషనారగా, మధురవాణిగా వారు రంగమున నడచి వచ్చినప్పుడు కులస్త్రీలు సైతము ఆ నడక నెఱిగి వచ్చుటకు పోయెడివారని మా పెద్దలు చెప్పగా వినియున్నాము. 1956లో భారత ప్రభుత్వము వారికి పద్మశ్రీ నిచ్చి గౌరవించినది. నటస్థానమను పేర వారు తమ యనుభవములను గ్రంథముగా వ్రాసిరి. కూచిపూడి భామాకలాపమున సత్యభామ వేషమునకు పేరొందిన వేదాంతం సత్యనారాయణశర్మగారికి 1970లో అదే బిరుదు లభించినది. వీరి కళను తగ్గించుట మా యుద్దేశము గాదు. ఆ కళ తగ్గించిన తగ్గునది కాదు.

అయిన నొక్క ప్రశ్న. అదే చీర, అవే గాజులు, అదే వాలుచూపు. ఒకచో బిరుదు, మఱియొకచో బేడీలు. భేదమెక్కడ? తెర పడిన తరువాత స్థానంవారు చీర విప్పి పంచె కట్టుకొని యింటికి పోవుదురు. హిజ్రా చీరతోనే యింటికి పోవును. అదియే ఆమె నిత్యవస్త్రము. వేషమని తెలిసినంతసేపు మనము చప్పట్లు కొట్టుదుము. వేషము కాదని తెలిసిన క్షణమున పోలీసును పిలుతుము. విమర్శకులు సహజనటన యని మెచ్చుకొనునది నిజముగా సహజమైనప్పుడు మనకు సహింపరానిదగుచున్నది!

మన ప్రాచీనులు ఈ జనమును ఎఱుగకుండలేదు. అమరసింహుడు తృతీయాప్రకృతి యను మాటను క్లీబశబ్దమునకు పర్యాయముగా జేర్చెను. విరాటపర్వమున అర్జునుడు బృహన్నలయై రాచకన్యకు నాట్యము నేర్పుచు ఏడాది గడపిన కథ తిక్కనగారి తెనుగున చదువని యిల్లు అరుదు. మత్స్యరాజు ఆ రూపమున వచ్చినవానిని వీథినుండి తరిమివేయక, విద్యను పరీక్షించి, అంతఃపురమున జీతమిచ్చి నిలుపుకొనెను. వాత్స్యాయనుడు ఇంకను విప్పి చెప్పెను. కామసూత్రముల రెండవ అధికరణమున తృతీయాప్రకృతి రెండు విధములనియు, అందు స్త్రీరూపము దాల్చునది వేశ్యవలె వర్తించి దానివలన తన సుఖమును జీవనమును గూడ పొందగోరుననియు వ్రాసెను. సంస్కృతము చెప్పు పండితులు ఆ ప్రకరణము వచ్చినప్పుడు రెండాకులు ఒక్కసారిగా త్రిప్పుట వాడుక. వాత్స్యాయనుడు చెప్పినదంతయు ఆదర్శమని మే మనము. ఒక్కటి మాత్రము గమనింపదగినది. ఆతడు ఆ వ్యక్తిని ఇతరులు ఏదో చేయగా పడియుండు వస్తువుగా వర్ణింపలేదు. తనకు సుఖము, తనకు జీవనము కోరుకొని ప్రవర్తించు కర్తగా వర్ణించెను. వ్యాకరణము తెలిసినవారికి కర్తకును కర్మకును గల భేదము వేఱుగా చెప్పనక్కరలేదు.

ఇక సంస్కరణోద్యమమును గూర్చి చెప్పవలెను. మేమును ఆ యింటి బిడ్డలమే గావున కొంచెము నిష్ఠురముగనే చెప్పెదము. 1893లో మద్రాసు సంఘసంస్కర్తలు వైస్రాయికిని గవర్నరునకును విన్నపము పంపి, భోగము మేళములున్న విందులకు దొరలు పోరాదని కోరిరి. వీరేశలింగము పంతులవారు ఈ ప్రాంతమున ఆ ఉద్యమమునకు ప్రాణము. అందలి సదుద్దేశమును శంకించువాడు కృతఘ్నుడు. బాలికలను దేవాలయములకు అర్పించి వారి జీవితములను అమ్ముకొనుటను మాన్పుటకై 1947లో మద్రాసు శాసనసభ చేసిన చట్టము న్యాయమైనది. కాని ఆడువారిని ఎవ్వరైన అడిగిరా? ముత్తులక్ష్మీరెడ్డిగారి ప్రయత్నము జరుగుచున్న దినములలో మద్రాసు దేవదాసీలు సంఘముగా నేర్పడి తమ మాట వినుడని మొఱపెట్టుకొనిరి. ఆ మొఱ నాలకించినవారు బహు కొద్దిమంది.

వారిలో బెంగుళూరు నాగరత్నమ్మగారి పేరు తెలుగువారు మఱవరానిది. తంజావూరి ప్రతాపసింహుని ఆస్థానములో ముద్దుపళని యను వారకాంత పదునెనిమిదవ శతాబ్దమున రాధికాసాంత్వనమను శృంగారకావ్యము రచించెను. పంతులవారు తమ కవుల చరిత్రలో ఆ కావ్యము స్త్రీ వ్రాయదగినది కాదని ఆక్షేపించిరి. నాగరత్నమ్మగారు 1910లో దానిని సమగ్రముగా అచ్చువేయించి, పురుషులు వ్రాసిన శృంగారము పూజ్యమై స్త్రీ వ్రాసినది దూష్యమగుట యెట్లని ప్రశ్నించిరి. దానికి వచ్చిన ప్రత్యుత్తరము పోలీసుల రూపమున వచ్చినది. 1911లో ప్రభుత్వము ప్రతులను స్వాధీనపఱచుకొనెను. టంగుటూరి ప్రకాశముగారు మంత్రిపదవిలో నున్న 1947లో గాని ఆ నిషేధము తొలగలేదు. ముద్దుపళని స్త్రీ, నేటి హిజ్రాల విషయము వేఱు. అయినను శృంగారమును జీవనముగా గల వ్యక్తి తన శృంగారమును తానే చెప్పుకొన్నప్పుడు లోకమెంత ఉలికిపడునో తెలియుటకు మన భాషలో ఇంతకు మించిన నిదర్శనము లేదు. ఇతరులు ఆమెను వర్ణింపవచ్చును. ఆమె తన్ను వర్ణించుకొనరాదు!

ఈ పట్టింపు నేటి వినోదములలో నెట్లు నిలిచియున్నదో చూచుటకు దూరము పోనక్కరలేదు. మహాశివరాత్రికి నరసరావుపేట చెంత కోటప్పకొండ తిరునాళ్లు జరుగును. చుట్టుప్రక్కల గ్రామములవారు నూరడుగులకు దరిదాపు ఎత్తుగల ప్రభలు కట్టి త్రికోటేశ్వరుని సన్నిధికి తెత్తురు. విద్యుద్దీపములు పొదిగిన ప్రభలయెదుట మంచెలు వేసి తెల్లవారుదాక సినిమాపాటలకు ఆడు రికార్డింగు డాన్సులు పేరుపడినవి. జాతరలలో ఆడు ఇట్టి మేళములందు స్త్రీలును, స్త్రీవేషము వేసిన పురుషులును, హిజ్రాలును కలసి యుండుట కద్దు. అసభ్యమని పత్రికలవారు వ్రాయుదురు. పోలీసులు హద్దులు పెట్టుదురు. జనము మాత్రము తగ్గరు. ఈ వాదములో డబ్బిచ్చి పిలిపించు కమిటీలవారి మాట వినబడును, నిషేధింపుమను పెద్దల మాట వినబడును. మంచెమీద తెల్లవార్లు ఆడినవారికి కూలి ముట్టినదా, ఈలలు వేయుచు మంచె యెక్కబోవువానిని ఎవరైన ఆపిరా యను మాట వినబడదు.

టెలివిజనులో 2013నుండి జబర్దస్త్ అను హాస్యప్రదర్శనము ప్రసిద్ధిలోనికి వచ్చినది. అందు పురుషులు స్త్రీవేషములు వేయుటయే ఒక ముఖ్యమైన ఆకర్షణము. ఆ వేషధారులలో ఒకరు, తాను వేయునది వేషము కాదని తెలిసికొని, స్త్రీగా మాఱి ప్రియాంకా సింగ్ అను పేరు ధరించి 2021లో బిగ్ బాస్ ఇంటికి పోయిరి. పూర్వపు పేరును మేమిక్కడ వ్రాయము. ఆమె యెన్నుకొన్నదే ఆమె పేరు. అంతకు రెండేండ్లు ముందు అదే ప్రదర్శనమునకు పోయిన తమన్నా సింహాద్రిగారు 2019లో మన పొరుగుననే యున్న మంగళగిరి నియోజకవర్గమునుండి శాసనసభకు స్వతంత్ర అభ్యర్థిగా పోటీచేసిన ట్రాన్స్‌జెండర్ వనిత. నవ్వించుటకు పిలువబడిన స్థలమునుండి వీరు తమ పేరున తాము నిలుచుటకు వచ్చిరి. ఇది స్వల్పమైన ప్రయాణము గాదు.

సినిమాల సంగతి వేఱు. తెలుగు సినిమాలలో చిరకాలము హిజ్రా యనగా చప్పట్లు చఱచి నాయకుని మీద పడు హాస్యవస్తువు. 2011లో వచ్చిన కాంచన చిత్రము జాలితో చూపినది, నిజమే. కాని ఆ ముఖ్యపాత్రను ధరించినది శరత్‌కుమారుగారు. జాలి కూడ పురుషనటుని ద్వారముననే రావలసివచ్చెను. తమిళమున పేరన్బు చిత్రమందు అంజలీ అమీర్ అను ట్రాన్స్‌జెండర్ నటి మమ్ముట్టిగారి సరసన నటించినది. 2022 జనవరిలో ఆంధ్రప్రదేశ్ ప్రభుత్వము కాళ్లకూరి నారాయణరావుగారి చింతామణి నాటకమును నిషేధించిన సంగతి చదువరులకు జ్ఞాపకముండును. అందలి సుబ్బిశెట్టి పాత్ర తమ్ము కించపఱచుచున్నదని ఆర్యవైశ్యులు చేసిన మొఱయే కారణము. నాటకములను నిషేధించుట మాకు సమ్మతము గాదు. అయినను సంఘబలము గలవారు తమ చిత్రణమును గూర్చి నోరెత్తిన ప్రభుత్వము వినుననుట యిందువలన స్పష్టము. హిజ్రాలకు ఆ బలము లేదు గావుననే వారి వెక్కిరింత నడచుచు వచ్చినది.

ఇంకొక రంగము గలదు. ఈ పత్రిక ఇంటిల్లిపాదియు చదువునది గావున ముక్తసరిగా చెప్పెదము. చెప్పక విడుచుట మాత్రము కపటము. చేతిలోని ఫోనున పెద్దలకు మాత్రమే యని యమ్ముడుపోవు శృంగార దృశ్యములలో ట్రాన్స్‌జెండర్ వ్యక్తులకొక ప్రత్యేకపు అర యున్నది. లోకమంతటను ఆ అరకు అంటించిన చీటీలు వారిని దూషించు మాటలే. అమెరికాలో ఇట్టి నటీనటులకు బహుమానములిచ్చు సభ 2008లో మొదలైనప్పుడు దాని పేరునందే ఒక తిట్టు ఉండెను. 2014లో ఆ మాటను తీసివేసి గౌరవముగల పేరు పెట్టుకొనిరి. పేరు మార్పు చిన్న సంగతియని తోచవచ్చును. ఎవరి మాటతో ఎవరిని పిలువవలెనను దానిలోనే అధికారమంతయు నున్నది. మన దేశమున 2000 నాటి సమాచార సాంకేతిక చట్టమునకు 2008లో చేర్చిన 67ఎ సెక్షను ప్రకారము అట్టి దృశ్యములను ప్రకటించి పంపినవారికి తొలి నేరమునకు అయిదేండ్లవరకు చెరయు పది లక్షలవరకు జరిమానాయు గలదు. తన గదిలో కూర్చుండి చూచిన పెద్దమనిషిని ఆ సెక్షను ముట్టదు. జీవనమునకై తెరమీద కనబడిన వ్యక్తికి భయము, ఆనందించినవానికి పరదా.

ఇట్టి దృశ్యములు మంచివని మేము ఇండ్లలో ప్రచారము చేయబోవుట లేదు. ఇంతమాత్రమే యడుగుచున్నాము. కెమెరా ఎవరి చేతిలో నున్నది? రాబడి ఎవరికి చేరుచున్నది? వద్దన్నప్పుడు ఆపువారున్నారా? ఈ మూడవ ప్రశ్నకు చట్టము చెప్పిన సమాధానము విచారకరము. 2019లో పార్లమెంటు చేసిన ట్రాన్స్‌జెండర్ వ్యక్తుల హక్కుల రక్షణ చట్టము, వారిపై లైంగిక దౌర్జన్యము చేసినవారికి ఆఱు నెలలకు తగ్గక రెండేండ్లకు మించక చెర విధించినది. స్త్రీపై బలాత్కారము జరిగినచో కనీసశిక్ష పదేండ్లు. ఒక్క దౌర్జన్యమునకు రెండు తూనికలు! వారు ఈ వృత్తిని విడిచి గౌరవముగ బ్రదుకరాదా యని ప్రశ్నించు మిత్రులు మాకు గలరు. మా యెఱుకలో వారిలో ఒక్కరును తమ దుకాణమునందుగాని తమ పాఠశాలయందుగాని హిజ్రాకు ఉద్యోగమిచ్చినవారు లేరు.

న్యాయస్థానములు కొంత మేలు చేసినవి. బొంబాయిలో 2005లో బారులయందలి నాట్యమును నిషేధించి, మూడు నక్షత్రముల హోటళ్లకును పెద్ద క్లబ్బులకును మినహాయింపు నిచ్చిరి. అదే నాట్యము ధనికుల యెదుట గౌరవము, పేదల యెదుట అనాచారము ఎట్లగునని 2013లో సుప్రీముకోర్టు ఆ నిషేధమును త్రోసివేసినది. మఱుసటి యేట తన లింగమును తానే నిర్ణయించుకొను హక్కు ప్రతి వ్యక్తికిని గలదని అదే కోర్టు తీర్పు చెప్పినది. నిజాము నాటి చట్టముపై వైజయంతి వసంత మొగిలిగారు మొదలైనవారు హైదరాబాదు హైకోర్టున 2018లో దావా వేసిరి. 2023 జూలై 6వ తేదీన ప్రధాన న్యాయమూర్తి ఉజ్జల్ భూయాన్‌గారును, సి. వి. భాస్కరరెడ్డిగారును ఆ చట్టము సమానత్వమునకును జీవించు హక్కునకును విరుద్ధమని కొట్టివేసిరి. విద్యయందును ఉద్యోగములందును ప్రత్యేకస్థానములును, ఆసరా పింఛనును కల్పింపవలెనని తెలంగాణ ప్రభుత్వము నాజ్ఞాపించిరి. నూటనాలుగేండ్లు నిలిచిన చట్టము. దానిని కూల్చినవారు సంస్కర్తల సభలు గావు. ఆ చట్టము ఎవరిమీద వ్రాయబడినదో వారే.

వారి మాటను వారినోటనే వినగోరు చదువరులకు తెలుగున నొక గ్రంథమున్నది. తమిళదేశమున నామక్కల్ ప్రాంతపు వారగు ఏ. రేవతిగారు వ్రాసిన ఆత్మకథ 2010లో ఇంగ్లీషున వెలువడినది. దానిని మన గుంటూరు మండలమున జన్మించిన పి. సత్యవతిగారు తెలిగించిరి. ఆ యనువాదమునకు సాహిత్య అకాడెమీ 2019వ సంవత్సరపు బహుమాన మిచ్చినది. అందు మొదటి పుటలలో నొక తిరునాళ్ల ఘట్టము గలదు. ఊరి మారియమ్మ జాతరలో బాలుడుగా నున్న రేవతి కురవంజి వేషము, అనగా మన యెఱుకలసాని వేషము, కట్టి ఆడెను. ఊరంతయు అచ్చము ఆడపిల్లవలె నున్నదని మెచ్చుకొనెను. ఆట ముగిసి వేషము విప్పి మగబట్టలు కట్టుకొనినప్పుడు, అప్పుడే తాను వేషము వేసికొన్నట్లు తనకు తోచినదని ఆమె వ్రాసికొనిరి. కొన్నేండ్లకు ఆమె చీరతో ఇంటికి తిరిగివచ్చినప్పుడు అన్నలు ఆమెను కొట్టిరి.